మావారు పోయాక క్లబ్బు సభ్యత్వం నా పేరుకు మార్చుకున్నాను: తొమ్మిది నెలల అనుభవం

2024 ఫిబ్రవరి 9, శుక్రవారం తెల్లవారుజామున మావారు గుండెపోటుతో పోయారు. ఆ బాధ గురించి ఇక్కడ రాయను. అది రాసే శక్తి నాకింకా రాలేదు. ఆ తర్వాత తొమ్మిది నెలలు నేను తిరిగిన ఒక పని గురించి రాస్తున్నాను. హైదరాబాద్‌లోని ఒక పాత క్లబ్బులో ఆయన పేరు మీద ఉన్న సభ్యత్వాన్ని నా పేరుకు మార్చుకోవడం. ఇది ఉన్నవాళ్ల గొడవ అని కొందరికి అనిపించవచ్చు. అనుకున్నా నేనేమీ అనుకోను. కానీ భర్త కార్డు మీద ఏళ్ల తరబడి ఒక చోటికి వెళ్లి వస్తున్న ఆడవాళ్లు చాలామంది ఉన్నారు. రేపు భర్త లేకపోతే ఆ కార్డు ఏమవుతుందో నాకు ముందు తెలియదు, మా టేబుల్ దగ్గర కూర్చునే వాళ్లెవరికీ తెలియదు. అందుకే రాస్తున్నాను.

మావారు 1991లో దరఖాస్తు పెడితే 2001లో పిలుపు వచ్చింది. పదేళ్లు! ఆ కార్డు వచ్చిన రోజు ఆయన దాన్ని దేవుడి గదిలో పెట్టి దండం పెట్టుకున్నారు. కాంట్రాక్టు పనుల కోసం ఊళ్లు పట్టుకుని తిరిగిన మనిషి, తెనాలి పక్క పల్లెటూరి నుంచి వచ్చినవాడు. ఆ గేటు లోపలికి సొంత కార్డుతో వెళ్లడం ఆయనకు ఎంత పెద్ద విషయమో నాకు తెలుసు. నాకూ అంతే పెద్ద విషయం. ఆయన నంబరు 1184. నా కార్డు మీద 1184 డబ్ల్యూ అని ఉండేది. ఆ డబ్ల్యూ అంటే 'వైఫ్' అని తెలిసినా ఇరవై మూడేళ్లలో ఒక్కసారీ దాని గురించి ఆలోచించలేదు. పిల్లలు అక్కడే ఈత నేర్చుకున్నారు. నాకు గురువారం సాయంత్రాలు హౌసీ (నంబర్లు పిలుస్తుంటే టికెట్ మీద కొట్టేసే ఆట), ఎనిమిది మందిమి ఒకే టేబుల్.

మార్చి 14, గురువారం. ఆయన పోయాక నేను పని మీద బయటికి వెళ్లిన మొదటి సాయంత్రం. ఆయన మంచం పక్కన క్లబ్బు లైబ్రరీ పుస్తకం ఒకటి ఉండిపోయింది. సగంలో బస్సు టికెట్ ఒకటి గుర్తుగా పెట్టి ఆపేశారు. ఎప్పటి టికెట్టో తెలియదు. పుస్తకం ఇచ్చేసి వద్దామని అమ్మాయి నన్ను తీసుకెళ్లింది. గేటు దగ్గర మెషీన్ మీద కార్డు పెడితే ఎర్ర లైటు వెలిగింది. మళ్లీ పెట్టాను. మళ్లీ ఎర్ర లైటే. పన్నెండేళ్లుగా నాకు నమస్కారం పెట్టే సెక్యూరిటీ అతను తల దించుకుని, "మేడమ్, ఇనాక్టివ్ అని చూపిస్తోంది" అన్నాడు. ఆఫీసుకు ఫోన్ చేశాడు. విజిటర్ల బెంచీ మీద కూర్చోమన్నారు. నలభై నిమిషాల తర్వాత లైబ్రరీ అబ్బాయి గేటు దాకా వచ్చి పుస్తకం తీసుకుని, ఆలస్యానికి 60 రూపాయల రసీదు ఇచ్చాడు. ఇచ్చే ముందు అందులోంచి బస్సు టికెట్ తీసి నా పర్సులో పెట్టుకున్నాను.

ఆ బెంచీ గురించి ఒక మాట చెప్పాలి.

2003 వేసవిలో మా అమ్మాయి పుట్టినరోజు క్లబ్బులో చేశాం. తెనాలి నుంచి మా నాన్న వచ్చారు. పంచె, లాల్చీ, కాళ్లకు చెప్పులు. గేటు దగ్గర డ్రెస్ కోడ్ అని ఆపేశారు. మావారు ఇంటికెళ్లి ప్యాంటూ బూట్లూ తెస్తానన్నారు. నాన్న, "ఎందుకు బాబూ, నేనిక్కడ కూర్చుంటాను, మీరు కానివ్వండి" అన్నారు. ఈ బెంచీ మీదే కూర్చున్నారు. నేను లోపలికి వెళ్లాను. కేక్ కోయించాను, అందరితో కలిసి భోజనం చేశాను. గంటన్నర తర్వాత వచ్చేసరికి నాన్న సెక్యూరిటీ ఇచ్చిన మంచినీళ్ల సీసా పట్టుకుని కూర్చుని ఉన్నారు. ఆ తర్వాత ఆ సంగతి ఆయన ఎప్పుడూ ఎత్తలేదు. 2009లో పోయారు. 2014లో చెన్నైలో పంచె కట్టుకుని వెళ్లిన హైకోర్టు జడ్జినే ఒక క్లబ్బులోకి రానివ్వలేదు. పేపర్లో చదివి మావారికి చూపించాను. ఆయన చదివి మడిచి పక్కన పెట్టారు. తమిళనాడులో ఆ ఏడాదే పంచెను అడ్డుకోకూడదని చట్టం తెచ్చారు. మేం మాత్రం మామూలుగానే క్లబ్బుకు వెళ్తూ వచ్చాం.

మార్చి 14న ఆ బెంచీ మీద కూర్చున్న నలభై నిమిషాలూ నాకు నాన్నే గుర్తొచ్చారు. గంటన్నర ఎంతసేపో ఆ రోజు తెలిసింది.

క్లబ్బువాళ్లు ఫిబ్రవరి 26వ తేదీతో ఉత్తరం రాశారట. అది మా పాత ఇంటికి వెళ్లింది. 2016లో ఇల్లు మారాం, క్లబ్బు రికార్డులో అడ్రసు మార్చలేదు. ఆ ఉత్తరం సంపాదించి చదివితే, మొదటి పేరాలో సంతాపం. రెండో పేరాలో సభ్యుడు మరణించిన తేదీ నుంచే సభ్యత్వం రద్దయిందని, దాని మీద ఉన్న కార్డులన్నీ తిరిగి ఇచ్చేయాలని, బకాయి 6,840 రూపాయలు కట్టాలని. మూడో పేరాలో, భార్య కావాలంటే మరణించిన 90 రోజుల్లోపు బదిలీకి దరఖాస్తు చేసుకోవచ్చని. 90 రోజులు అంటే మే 9. అప్పటికే ముప్పై నాలుగు రోజులు అయిపోయాయి. మీ అడ్రసు, ఫోన్ నంబరు రికార్డులో సరిగ్గా ఉన్నాయో లేదో ఈ వారమే చూసుకోండి.

మార్చి 18న ఆఫీసుకు వెళ్లి ఫారం తెచ్చుకున్నాను. 500 రూపాయలు, దాని మీద 18 శాతం జీఎస్టీ, మొత్తం 590. డెత్ సర్టిఫికెట్, తహసీల్దార్ ఇచ్చే ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్, పెద్దవాళ్లయిన పిల్లలందరి నుంచి అభ్యంతరం లేదని నోటరీ చేయించిన అఫిడవిట్లు, నా ఆదాయానికి ఆధారాలు, ఆరు ఫోటోలు అడిగారు. వీటన్నిటికీ తోడు ఇద్దరు సభ్యుల సంతకాలు. ఒకరు నన్ను ప్రతిపాదించాలి, ఒకరు బలపరచాలి. ఇద్దరూ పదేళ్లకు పైగా సభ్యులై ఉండాలి. ఇరవై మూడేళ్లుగా వస్తున్నాను కదా, నన్ను కొత్తగా ఎవరు పరిచయం చేయాలి అని అడిగాను. "రూల్ మేడమ్" అన్నాడు క్లర్కు. అతను మర్యాదగానే చెప్పాడు.

ఫారం నాలుగో పేజీలో ఒక షరతు ఉంది. నేను మళ్లీ పెళ్లి చేసుకుంటే ఈ సభ్యత్వం పోతుంది, దానికి ఒప్పుకుంటున్నాను అని సంతకం పెట్టాలి. పదకొండో రోజు, పన్నెండో రోజు కార్యక్రమాలు అయి నెల కాలేదు. ఆ పేజీ చదివి ఫారం మూసేశాను. రూల్ బుక్ తీసి వెతికాను. భార్య పోయిన సభ్యుడికి అలాంటి షరతు ఎక్కడా లేదు. నాలుగు రోజుల తర్వాత సంతకం పెట్టాను. అది తప్పు షరతు అని అప్పుడూ అనుకున్నాను, ఇప్పుడూ అనుకుంటున్నాను.

డెత్ సర్టిఫికెట్ కాపీలు పది తీసుకోండి. బ్యాంకు, ఇన్సూరెన్స్, కరెంటు మీటరు, గ్యాసు, అందరూ అడుగుతారు. ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్‌కు మార్చి 20న మీసేవలో పెట్టాను. లోక్‌సభ ఎన్నికల కోడ్ మార్చి 16నే వచ్చేసింది, మనకు పోలింగ్ మే 13. తహసీల్దార్ ఆఫీసులో ఎవరిని అడిగినా ఎలక్షన్ డ్యూటీ. ఆర్‌ఐ (రెవెన్యూ ఇన్‌స్పెక్టర్) ఏప్రిల్ రెండో వారంలో వచ్చి పక్క ఫ్లాట్ల వాళ్లను విచారించి వెళ్లాడు. చేతికి వచ్చింది ఏప్రిల్ 29న. అమ్మాయి అఫిడవిట్ 100 రూపాయల స్టాంపు పేపర్ మీద ఒక్క పూటలో అయిపోయింది. అబ్బాయి టెక్సాస్‌లో ఉంటాడు. అక్కడి నోటరీ చాలదు, హ్యూస్టన్‌లోని మన కాన్సులేట్ ముద్ర కావాలన్నారు. ఫీజులు, కొరియర్ అన్నీ కలిపి మన డబ్బుల్లో 9,000 దాకా అయ్యాయి.

వాడు ఫోన్లో, "అమ్మా, ఇదంతా అవసరమా? నాన్న లేకుండా అక్కడికెళ్లి ఏం చేస్తావు? ఇక్కడికి వచ్చెయ్" అన్నాడు. ప్రేమతోనే అన్నాడు. రెండు రోజులు జవాబు చెప్పలేకపోయాను. తర్వాత చెప్పాను. "నాన్నా, అక్కడ నేను కూర్చోగానే చక్కెర లేని అల్లం టీ అడక్కుండానే వస్తుంది. ఇంట్లో నేను పెట్టుకుంటేనే వస్తుంది." వాడు మర్నాడే కాన్సులేట్ అపాయింట్‌మెంట్ తీసుకున్నాడు.

ఇక సంతకాలు. ఇది రాయడానికే ఎక్కువ కష్టంగా ఉంది.

మొదట మా హౌసీ టేబుల్ వాళ్లకు ఫోన్ చేశాను. ఏడుగురు. పిల్లల పెళ్లిళ్లు, పురుళ్లు, ఆపరేషన్లు అన్నీ ఒకరివి ఒకరం చూసుకున్నవాళ్లం. ఒక్కొక్కరూ "అయ్యో, తప్పకుండా" అన్నారు. ఆఫీసులో నంబర్లు ఇస్తే క్లర్కు కంప్యూటర్లో చూసి ఒక్కొక్కటే కొట్టేశాడు. ఏడుగురి నంబర్ల చివరా డబ్ల్యూ ఉంది. ఓటు లేనివాళ్లు, సంతకానికి విలువ లేనివాళ్లు. ఇరవై ఏళ్ల గురువారాల్లో మా టేబుల్ మీద ఒక్క చెల్లే సంతకం కూడా లేదు. వాళ్లకు ఆ మాట చెప్పినప్పుడు ఫోన్లో అవతల నిశ్శబ్దం. ఒకావిడ మాత్రం, "అయితే రేపు మా పరిస్థితీ ఇంతేనా వదినా?" అంది.

సరే, వాళ్ల భర్తలను అడుగుదామనుకున్నాను. మావారితో ఇరవై ఏళ్లు రమ్మీ ఆడిన ఒకాయన, ఈ ఏడాది తన సంతకాల కోటా అయిపోయిందన్నారు. అలాంటి కోటా ఏదీ లేదని ఆఫీసులో తెలిసింది. ఇంకొకాయన ఇంట్లో మాట్లాడి చెప్తానన్నారు, చెప్పలేదు. మూడో ఆయన సూటిగానే చెప్పారు. "మీరు రేపు బిల్లు కట్టకపోతే నా మీదికి వస్తుందమ్మా, మీ అబ్బాయి ఇక్కడుంటే వేరే సంగతి." కనీసం నిజం చెప్పారు. అది చాలనుకున్నాను. ఏప్రిల్ అంతా ఇలాగే గడిచింది. రాత్రిళ్లు పడుకుని, ఎవరు అవునంటారు, ఎవరు కాదంటారు అని మనుషులను లెక్కపెట్టుకునేదాన్ని. అలా లెక్కపెట్టుకునే పరిస్థితి ఎవరికీ రాకూడదు.

చివరికి సంతకం పెట్టింది ఒక రిటైర్డ్ డాక్టరమ్మ. ఆవిడ తన పేరు మీదే ముప్పై ఏళ్ల కిందట సభ్యత్వం తీసుకున్నారు, పెళ్లి చేసుకోలేదు. ఎప్పుడూ ఒక్కతే వచ్చి మూల టేబుల్ దగ్గర సూప్ తాగి వెళ్లేవారు. ఒకటి రెండుసార్లు మా టేబుల్ దగ్గరికి వచ్చి, "కుర్చీ ఖాళీగా ఉందా?" అని అడిగారు. ఎవరో వస్తున్నారని చెప్పి పంపించాం. నేనూ అన్నాను ఆ మాట. ఏప్రిల్ 30న ఆవిడ ఇంటికి వెళ్లి, ముందు ఆ మాటకు క్షమించమని అడిగాను. ఆవిడకు గుర్తులేదో, లేదని అన్నారో తెలియదు. కాఫీ ఇచ్చి, కళ్లజోడు పెట్టుకుని, ఫారం మొత్తం చదివి, నాలుగో పేజీ షరతు దగ్గర ఆగి, "దీని గురించి జనరల్ బాడీలో నేను అడుగుతాను" అని సంతకం పెట్టారు. రెండో సంతకం లైబ్రరీలో కనిపించే ఒక పార్సీ పెద్దాయనది. మావారూ ఆయనా పుస్తకాలు మార్చుకునేవారట. నాకది తెలియదు.

మే 7న అన్నీ ఇచ్చాను. అబ్బాయి అఫిడవిట్ స్కాన్ కాపీ మాత్రమే ఉంది, ఒరిజినల్‌కు గడువు ఇమ్మని ఉత్తరం జతచేశాను. మీకూ ఏదైనా కాగితం రాకపోతే ఆగకండి. ఉన్నవాటితో గడువులోపు ఇచ్చేసి, అందినట్టు ముద్ర వేయించుకోండి. ఆ ముద్రే తర్వాత నన్ను కాపాడింది. ఒరిజినల్ మే 23న వచ్చింది.

జూన్‌లో పదిహేను రోజులు నా ఫోటో, వివరాలు క్లబ్బు నోటీసు బోర్డులో పెట్టారు. అభ్యంతరం ఉన్న సభ్యులు రాసి ఇవ్వొచ్చు. బోర్డు లోపల ఉంది, నేను బయట ఉన్నాను. హౌసీ వదిన ఒకావిడ ఫోటో తీసి వాట్సాప్‌లో పంపింది. నా ముఖం కింద నా పేరు, దాని కింద 'దివంగత సభ్యుని భార్య' అని ఉంది. ఆవిడే ఒక గురువారం నన్ను గెస్టుగా తీసుకెళ్లింది. 300 రూపాయలు. ఒక మనిషిని ఏడాదికి నాలుగుసార్లే తీసుకెళ్లవచ్చు. రిజిస్టర్‌లో పేరు రాసి, 'సంబంధం' అన్న గడిలో 'స్నేహితురాలు' అని రాశాను. బేరర్ నన్ను చూసి ఏమీ అడక్కుండా టీ తెచ్చాడు. అల్లం వేసింది, చక్కెర లేనిది. తాగలేకపోయాను, గొంతు పట్టేసింది.

జూలై 27న కమిటీ ఇంటర్వ్యూ. దానికి ముందు వారం చీర గురించే టెన్షన్. బొట్టు పెట్టుకోవాలా వద్దా అని అమ్మాయిని అడిగితే అది కోప్పడింది. చిన్న బొట్టు పెట్టుకునే వెళ్లాను. తెనాలి నుంచి మా అక్కయ్య ఫోన్ చేసి, "ఏడాది తిరక్కుండానే క్లబ్బేంటే? నలుగురూ ఏమనుకుంటారు?" అంది. లోపల ఐదుగురు మగవాళ్లు. నా బిల్లులు ఎవరు కడతారని అడిగారు. ఇంటి అద్దెలు, ఫిక్స్‌డ్ డిపాజిట్ల కాగితాలు చూపించాను. నా పేరు మీద ఇన్‌కమ్ ట్యాక్స్ రిటర్న్స్ ఒక్క ఏడాదివి కూడా లేవు. అది పెద్ద లోటయింది. ఆదాయం ఎంత తక్కువైనా మీ పేరు మీద రిటర్న్ వేయించుకోండి. చివర్లో ఒకాయన, "మీకు క్లబ్బు ఎందుకమ్మా?" అన్నారు. ఆట ఆడతానని, లైబ్రరీ వాడతానని చెప్పమని అల్లుడు నేర్పించాడు. నా నోట్లోంచి మాత్రం, "నన్ను తెలిసినవాళ్లు ఇక్కడ ఉన్నారు" అన్న మాటే వచ్చింది. పన్నెండు నిమిషాల్లో అయిపోయింది.

ఆగస్టు 16 వరలక్ష్మీ వ్రతం. మా అపార్ట్‌మెంటులో ప్రతి ఏడూ సాయంత్రం వాయనాలు ఇచ్చుకుంటాం. ఈసారి మా ఫ్లోర్‌లో మూడు తలుపులు తట్టారు, మా తలుపు తట్టలేదు. నవ్వులు, గాజుల చప్పుడు వినిపిస్తూనే ఉన్నాయి. నా చేత్తో ఇరవై మందికి తాంబూలం ఇచ్చిన గుమ్మం అది. మావారు పోయాక నన్ను పెళ్లి పిలుపుల్లో, నోముల్లో, పేరంటాల్లో ఎవరూ చెప్పకుండానే పక్కకు పెట్టారు. క్లబ్బులో గెస్టుగా వెళ్లిన ఆ ఒక్క గురువారం మాత్రం ఎవరూ నా నుదురు చూడలేదు, నంబర్లు పిలిచే మనిషిని చూశారు. అక్కయ్యకు అదే చెప్పాను. ఆ తర్వాత ఆమె ఏమీ అనలేదు.

సెప్టెంబర్ 30న ఆమోదించినట్టు ఉత్తరం, దానితో పాటు డిమాండ్ నోటీసు. బదిలీ ఫీజు 1,50,000, జీఎస్టీతో 1,77,000. ఇది పర్వాలేదు, ముందే తెలుసు. తెలియనిది మార్చి నుంచి అక్టోబర్ దాకా ఎనిమిది నెలల చందా, నెలకు 1,500 చొప్పున, జీఎస్టీతో 14,160. ఆ ఎనిమిది నెలలూ నేను గేటు బయటే ఉన్నాను కదా అని ఉత్తరం రాశాను. 'నిబంధనల ప్రకారం' అని ఒక లైను జవాబు. కట్టేశాను. కార్డుకు మరో 590. బకాయి, అబ్బాయి ఖర్చులు, నోటరీ, ఆటోలు అన్నీ కలిపితే మొత్తం రెండు లక్షల పదివేల దాకా అయింది.

చార్టర్డ్ అకౌంటెంట్ అయిన మా అన్నయ్య కొడుకు ఆ జీఎస్టీ చూసి ఒక సంగతి చెప్పాడు. క్లబ్బూ సభ్యులూ వేర్వేరు కాదు, ఇద్దరూ ఒకటే, కాబట్టి తమకు తాము ఇచ్చుకున్నది అమ్మకం కాదు, దానికి పన్ను పడదన్నది చట్టంలో పాత సూత్రమట. కలకత్తా క్లబ్బు కేసులో 2019లో సుప్రీంకోర్టు జీఎస్టీకి ముందున్న పన్నుల విషయంలో దాన్నే ఒప్పుకుందట. 2021లో చట్టం మార్చి, 2017 జూలై నుంచీ వర్తించేలా క్లబ్బునూ సభ్యులనూ వేర్వేరు మనుషులుగా చూడాలన్నారట. వాడు పన్ను గురించి చెప్తున్నాడు, నేను మార్చి 14 గురించి ఆలోచిస్తున్నాను. ఆ కలకత్తా క్లబ్బు 1907లో పుట్టడానికి కారణం, అక్కడి బెంగాల్ క్లబ్బులో భారతీయులను రానివ్వకపోవడమేనట. తెల్లవాళ్లు వద్దన్నారని మనవాళ్లు పెట్టుకున్న ఆ క్లబ్బులో ఆడవాళ్లకు సభ్యత్వం ఇవ్వడానికి 2007 దాకా పట్టిందని చెప్పాడు. అది విన్నాక మా టేబుల్ దగ్గర డాక్టరమ్మ అడిగిన కుర్చీ మళ్లీ గుర్తొచ్చింది.

నవంబర్ 14, గురువారం కార్డు ఇచ్చారు. పచ్చ లైటు వెలిగింది. సెక్యూరిటీ అతను గట్టిగా నమస్కారం పెట్టాడు. నేను నేరుగా హౌసీ హాలుకు వెళ్లి, మా టేబుల్ దగ్గర తొమ్మిదో కుర్చీ వేయించి, డాక్టరమ్మను పిలిచాను. ఆవిడకు ఆట రాదు, టికెట్ మీద అంకెలు కొట్టడం నేర్పించాం. మా వాళ్లలో ఇద్దరు అప్పటికే రూల్ బుక్ తెచ్చుకున్నారు. తమ పేర్లతో విడిగా దరఖాస్తు ఎలా పెట్టాలో ఆవిడను అడుగుతూ కూర్చున్నారు. సభ్యుల బంధువుల విషయంలో డ్రెస్ కోడ్ మార్చమని నేను ఒక ఉత్తరం రాశాను, ఇంకా జవాబు రాలేదు.

టీ బిల్లు వచ్చినప్పుడు బేరర్ నంబరు అడిగాడు. 1184 అన్నాను. మెషీన్ తీసుకోలేదు. నా కొత్త నంబరు 6027. ఇంకా నోటికి రాలేదు. గురువారం బయల్దేరే ముందు అరచేతిలో రాసుకుని వెళ్తున్నాను.